సినిమా ఎడిటింగ్ నేర్చుకోవాలంటే రషెస్ దగ్గర కూర్చోవాలి

మీరు బీటెక్ చివరి సంవత్సరంలో ఉన్నానని, ప్రీమియర్ ప్రోలో రీల్స్, పెళ్ళి వీడియోలు కట్ చేస్తున్నానని రాశారు. సినిమా ఎడిటర్ కావాలంటే ఇంకా ఏ సాఫ్ట్‌వేర్ నేర్చుకోవాలి, ఇన్‌స్టిట్యూట్‌లో చేరాలా లేక నేరుగా ఎవరి దగ్గరైనా అసిస్టెంట్‌గా చేరిపోవాలా, చివరికి ఈ పని మీద ఇల్లు గడుస్తుందా అని అడిగారు. నేను చాలా ఏళ్ళుగా హైదరాబాద్‌లో ఇదే పనిలో ఉన్నాను. మొదట అసిస్టెంట్‌గా, తర్వాత అసోసియేట్‌గా, ఇప్పుడు ఎడిటర్‌గా. తెలిసినంతలో వివరంగా చెబుతాను.

సాఫ్ట్‌వేర్ సంగతి ముందు తేల్చేద్దాం, అన్నిటికంటే చిన్న విషయం అదే. మన దగ్గర సినిమాలు ఎక్కువగా అవిడ్ మీడియా కంపోజర్‌లోనో ప్రీమియర్ ప్రోలోనో కట్ అవుతున్నాయి. కలర్ పనికి పేరున్న డావించీ రిజాల్వ్‌లో ఎడిటింగ్ కూడా చేసుకోవచ్చు, నేర్చుకోవడానికి దాని ఉచిత వెర్షన్ చాలు. మీకు ప్రీమియర్ వచ్చు కాబట్టి అవిడ్ ఒక్కటి పరిచయం చేసుకోండి. ఒకే ప్రాజెక్టు మీద నలుగురైదుగురు ఒకేసారి పనిచేయాల్సి వచ్చినప్పుడు దాని విలువ తెలుస్తుంది. అంతకు మించి దీని గురించి టెన్షన్ పడక్కర్లేదు.

అసలు విషయానికి వస్తాను. ఎడిటింగ్ మీద వచ్చే వీడియోలు దాదాపు అన్నీ విడుదలైన సినిమాని ముందు పెట్టుకుని, ఇక్కడ ఈ కట్ ఎంత బాగుందో చూడండి అంటాయి. చూడండి, మంచిదే. కానీ విడుదలైన సినిమాలో ఉన్నది ఎడిటర్ ఉంచింది మాత్రమే. ఏ టేకు వదిలేశాడో, ఏ డైలాగ్ ఎగరగొట్టాడో, ఏ సీన్‌ని ఎక్కణ్ణుంచి ఎక్కడికి జరిపాడో, ఏ లోపాన్ని దేనితో కప్పాడో తెర మీద కనిపించదు. కనిపించకూడదు కూడా. అందుకే పూర్తయిన సినిమా ఎన్నిసార్లు చూసినా ఈ పని సగమే అర్థమవుతుంది. మిగతా సగం రషెస్‌లో, అంటే ఎడిట్ చేయని ఫుటేజ్‌లో ఉంటుంది. సెట్లో తీసిన ముడి ఫుటేజ్ మొత్తం, మొదటి క్లాప్ నుంచి చివరి 'కట్' దాకా చూసి, ఆ తర్వాత ఎడిటర్ అందులోంచి ఏం తీసుకున్నాడో, ఏం పక్కన పెట్టాడో చూడాలి. మీరు అడిగిన ప్రశ్నలన్నిటికీ నా జవాబు దీని నుంచే వస్తుంది.

ఫిల్మ్ రోజుల్లో అసిస్టెంట్‌కి ఈ చదువు దానంతటదే అబ్బేది. 35 ఎం.ఎం. ఫిల్మ్‌లో అడుగుకి 16 ఫ్రేములు, సెకనుకి 24 ఫ్రేములు, అంటే నిమిషానికి 90 అడుగులు. వెయ్యి అడుగుల రోల్ 11 నిమిషాలు వస్తుంది. మూవియోలా, స్టీన్‌బెక్ లాంటి ఎడిటింగ్ మెషీన్ల మీద ఎడిటర్ పాజిటివ్ ప్రింట్ నడిపిస్తూ పెన్సిల్‌తో గుర్తు పెడితే, అసిస్టెంట్ పక్కనే ఉండి ముక్కలు అందించాలి, అతికించాలి, తీసేసిన ముక్కల్ని సీను, షాటు నంబర్లతో బిన్‌లో వేలాడదీయాలి. "ఆ క్లోజప్ చివర నాలుగు ఫ్రేములు తీశాం కదా, రెండు మళ్ళీ ఇవ్వు" అంటే వెతికి ఇవ్వాలి. ఆ నాలుగు ఎందుకు తీశారో, రెండు ఎందుకు వెనక్కి అడిగారో కళ్ళ ముందే జరిగేది. కంప్యూటర్ వచ్చాక ఆ అవసరం పోయింది. ఇప్పుడు చాలాచోట్ల అసిస్టెంట్ పక్క గదిలోనో రాత్రి పూటో డేటా కాపీ చేసి, బొమ్మకి సౌండ్ కలిపి (సింక్ చేసి), సాఫ్ట్‌వేర్‌లో బిన్‌లు అనే ఫోల్డర్లు సర్ది వెళ్ళిపోతాడు. ఎడిటర్ పొద్దున వచ్చి ఒక్కడే కట్ చేసుకుంటాడు. పని తొందరగా అవుతోంది, కానీ కొత్తవాడు చూసి నేర్చుకునే వీలు బాగా తగ్గిపోయింది. కాబట్టి ఎవరి దగ్గర చేరినా, జీతం ఎంత అనే దానికంటే ముందు, ఆయన కట్ చేస్తున్నప్పుడు వెనక కూర్చోనిస్తారా అని కనుక్కోండి.

అసిస్టెంట్ రోజు ఎలా ఉంటుందో కూడా చెప్పాలి. షూటింగ్ నుంచి హార్డ్ డిస్కులు వస్తాయి. కాపీ అసలుతో తేడా లేకుండా ఉందా అని చెక్‌సమ్‌తో సరిచూసుకుంటూ కాపీ చేయాలి. కనీసం మూడు కాపీలు, రెండు రకాల మీడియాలో, ఒకటి వేరే చోట ఉండాలి. కెమెరా ఒరిజినల్స్ బరువుగా ఉంటాయి కాబట్టి ఎడిటింగ్‌కి ప్రాక్సీలు, అంటే తేలికైన నకళ్ళు తయారుచేయాలి. క్లాప్ మూసుకున్న ఫ్రేమ్‌కి సౌండ్‌లో 'టక్' కలిపి సింక్ చేయాలి. డైరెక్షన్ డిపార్ట్‌మెంట్ నుంచి వచ్చే రిపోర్టులో ఏ టేకు ఓకే, ఏది ఎన్‌జీ (నో గుడ్, పనికిరానిది) అని రాసి ఉంటుంది, దాన్ని బట్టి సీన్ల వారీగా బిన్‌లు సర్దాలి. సినిమా లాక్ అయ్యాక, అంటే కట్ ఇక మారదని తేలాక గ్రాఫిక్స్ వాళ్ళకి ప్రతి షాటుకీ అటూ ఇటూ కొన్ని ఫ్రేములు అదనంగా వేసి పంపాలి, సౌండ్ వాళ్ళకి టైమ్‌లైన్‌ని మోసుకెళ్ళే ఏఏఎఫ్ ఫైలు, టైమ్‌కోడ్ (ప్రతి ఫ్రేమ్‌కీ ఉండే సమయం నంబరు) కనిపించే రిఫరెన్స్ వీడియో ఇవ్వాలి, రంగులు సరిచేసే డీఐ వాళ్ళకి కట్‌ల జాబితా అయిన ఈడీఎల్ ఇవ్వాలి. భద్రత కూడా అసిస్టెంట్ బాధ్యతే. 2013లో 'అత్తారింటికి దారేది' విడుదలకు ముందే చాలా భాగం బయటికి వచ్చేసింది. ఎడిటింగ్ మెషీన్‌కి ఇంటర్నెట్ పెట్టకపోవడం, బయటికి వెళ్ళే ప్రతి కాపీ మీదా పేరు పడేలా చూడడం ఛాదస్తం కాదని అది చూసినవాళ్ళకి తెలుసు.

ఈ చాకిరీ మధ్యలో ఒక అలవాటు చేసుకోండి. ఎన్‌జీ టేకులు కూడా మొత్తం చూడండి. ఎన్‌జీ అంటే ఫోకస్ పోయి ఉండొచ్చు, డైలాగ్ తడబడి ఉండొచ్చు, వెనకాల ఎవరో అడ్డంగా నడిచి ఉండొచ్చు. ఆ టేకులోనే 'యాక్షన్' అనకముందు నటి ముఖంలో ఒక ఆలోచన, 'కట్' అన్న తర్వాత నటుడి కళ్ళల్లో ఒక అలసట దొరుకుతుంది. నటించడం ఆపేసిన ఆ ఒకటి రెండు సెకన్లు కొన్నిసార్లు సీన్ మొత్తాన్ని నిలబెడతాయి. ఓకే టేకులు మాత్రమే బిన్‌లో వేసి ఇచ్చే అసిస్టెంట్ తన ఎడిటర్‌కి తెలియకుండానే అన్యాయం చేస్తున్నట్టు.

ఒక సీన్ తీసుకుని చెబితే బాగా అర్థమవుతుంది. ఊళ్ళో ఇల్లు, రాత్రి భోజనాలు. సిటీ నుంచి వచ్చిన కొడుకు, ఎదురుగా తండ్రి, వడ్డిస్తున్న తల్లి. చెప్పకుండా పొలం అమ్మేసిన సంగతి తండ్రి బయటపెట్టాలి. రషెస్‌లో సీన్ మొత్తం కనిపించే ఒక మాస్టర్ షాట్, తండ్రి మీద, కొడుకు మీద ఓవర్ షోల్డర్లు (ఎదుటివాళ్ళ భుజం మీదుగా తీసినవి), ఇద్దరి క్లోజప్‌లు, తల్లి మీద విడిగా ఒక షాట్ ఉన్నాయనుకోండి. స్క్రిప్టులో తండ్రి చెప్పగానే కొడుకు నాలుగు లైన్ల డైలాగ్‌తో విరుచుకుపడతాడు, తల్లి మధ్యలో సర్దిచెబుతుంది.

తండ్రి డైలాగ్ ఇది: "చెరువు కింద ఎకరం మొన్న సోమవారం అమ్మేశాన్రా." గమనించండి, తెలుగులో అసలు సంగతి చివరి మాటలో తెలుస్తుంది. 'అమ్మేశాన్రా' అనేదాకా ఆ ఎకరం ఏమైందో కొడుక్కీ తెలియదు, ప్రేక్షకుడికీ తెలియదు. ఇంగ్లిష్ సినిమాల మీద తయారైన ట్యుటోరియల్స్‌లో, మాట పూర్తవకముందే వినేవాడి మీదికి కట్ చేయండి, సీన్ చురుగ్గా ఉంటుంది అని చెబుతారు. ఇంగ్లిష్ వాక్యంలో క్రియ ముందే వచ్చేస్తుంది కాబట్టి వినేవాడి ముఖం సగం వాక్యానికే మారగలదు. మన వాక్యంలో అలా కట్ చేస్తే, ఇంకా ఏమీ తెలియని ఖాళీ ముఖం మీద ఒక సెకను వృథాగా కూర్చుంటాం. దాన్ని కావాలని వాడుకోవచ్చు. 'సోమవారం' దగ్గర కొడుకు మీదికి వెళ్ళి, అన్నం కలుపుతున్న ఆ మామూలు ముఖం మీద 'అమ్మేశాన్రా' పడనిస్తే, దెబ్బ తగలడం ప్రేక్షకుడు కళ్ళారా చూస్తాడు. అప్పుడది కొడుకు సీన్. అలాకాకుండా మాట మొత్తం తండ్రి మీదే ఉంచి, మాటయ్యాక ఇంకో పది పన్నెండు ఫ్రేములు ఆయన మీదే ఆగితే, ఆయన చూపు దించుకోవడం కనిపిస్తుంది. అప్పుడది తండ్రి సీన్. డైలాగ్ అదే, నటన అదే. ఈ రెంటిలో ఏది కావాలో ఆ సీన్ ఒక్కటే చూస్తే తేలదు. మొత్తం కథలో ఆ తండ్రి మీద మనకి కోపం రావాలా, జాలి కలగాలా అన్నది తెలియాలి. కట్ ఎక్కడ పడాలో చాలాసార్లు ఇరవై సీన్ల అవతల నిర్ణయమవుతుంది.

ఇప్పుడు తల్లి. ఆమెకి ఆ క్షణంలో డైలాగ్ లేదు. రషెస్ అన్నీ చూస్తే ఒక ఎన్‌జీ టేకులో ఆమె తన వంతు కోసం ఎదురుచూస్తూ గరిటె గిన్నెలో పెట్టి ఒక్క క్షణం ఆగిపోయింది, చూపు భర్త వైపు ఉంది. సెట్లో అది ఎవరూ పట్టించుకోని షాట్. దాన్ని తండ్రి నోరు తెరవకముందు పెట్టి చూడండి. సంగతి ఆమెకి ముందే తెలుసని, ఆయన ఎప్పుడు బయటపెడతాడా అని బిక్కుబిక్కుమంటూ ఉందని ఒక్క మాట లేకుండా తెలిసిపోతుంది. అదే షాట్ డైలాగ్ తర్వాత పెడితే, ఆమెకీ అది కొత్త కబురే అని అర్థం వస్తుంది. ముందు పెట్టాక, తర్వాత ఆమె సర్దిచెప్పే డైలాగుల అవసరం పోతుంది. కొడుకు నాలుగు లైన్లలో కూడా "నాకొక్క మాట చెప్పలేదేంటి నాన్నా" అన్న ఒక్కటి ఉంటే చాలనిపిస్తుంది. రెండు నిమిషాల నలభై సెకన్లు ఉన్న సీన్ నిమిషంన్నరకి వస్తుంది, పైగా బరువు పెరుగుతుంది.

ఇంత చేశాక ఒక తేడా కనిపిస్తుంది. ఒక షాట్‌లో కొడుకు చేతిలో ముద్ద ఉంది, తర్వాత షాట్‌లో చెయ్యి కంచంలో ఉంది. కొత్తవాళ్ళు ఇక్కడ ఆగిపోయి మంచి టేకుని వదిలేసి, చెయ్యి కుదిరే టేకు వెతుకుతారు. హాలీవుడ్ ఎడిటర్ వాల్టర్ మర్చ్ మంచి కట్‌కి ఆరు కొలతలు చెప్పి వాటికి శాతాలు వేశారు: భావానికి 51, కథకి 23, లయకి 10, ప్రేక్షకుడి చూపు తెర మీద ఎక్కడుందన్నదానికి 7, మిగతావి తెర మీది దిశకి 5, స్థలం పొందికకి 4. మనం ముందు చింతించే కంటిన్యుటీ, అంటే షాటుకీ షాటుకీ పొందిక, ఆయన లెక్కలో చిట్టచివర ఉంది. నా అనుభవం కూడా అదే. కళ్ళల్లో భావం కుదిరితే చేతిలో ముద్ద ఎవరూ చూడరు. ఎవరైనా చూశారంటే ఆ క్షణంలో కళ్ళు వాళ్ళని పట్టుకోలేదని అర్థం.

మన సినిమాలకే ఉన్న కొన్ని ఇబ్బందులు బయటి పాఠాల్లో దొరకవు. మన దగ్గర చాలా సినిమాలకి ఇప్పటికీ డైలాగ్ తర్వాత డబ్బింగ్ చెబుతారు. ఎడిటింగ్ అంతా సెట్లో గుర్తు కోసం రికార్డు చేసిన పైలట్ ట్రాక్ మీద జరుగుతుంది. అందులో జనరేటర్ మోత, అరుపులు, వెనక నుంచి ప్రాంప్టింగ్ అన్నీ వినిపిస్తుంటాయి. తెలుగు రాని హీరోయిన్ ప్రాంప్టింగ్ విని డైలాగ్ అందుకోవడానికి ఒక అరసెకను పడుతుంది. ఆ అరసెకను ఖాళీలు అలాగే వదిలేస్తే సీన్ అంతా నీరసంగా నడుస్తుంది. ఆ ఖాళీల్లో ఎదుటివాళ్ళ రియాక్షన్ వేసి, రెండు లైన్ల మధ్య దూరం తగ్గిస్తే అదే నటన చురుగ్గా కనిపిస్తుంది. డబ్బింగ్ వల్ల లాభమూ ఉంది. షూటింగ్ అయ్యాక డైలాగ్ మార్చాల్సి వస్తే, మాట్లాడేవాళ్ళ వీపు కనిపించే ఓవర్ షోల్డర్ మీద కొత్త లైన్ కూర్చోబెట్టొచ్చు. క్లోజప్‌లోనే మార్చాలంటే ప, బ, మ అక్షరాల దగ్గర పెదవులు మూసుకుంటాయి కాబట్టి రైటర్‌తో కూర్చుని అక్కడ సరిపోయే మాట వెతుక్కోవాలి. ఓటీటీ సిరీస్‌లలో, కొన్ని సినిమాల్లో సింక్ సౌండ్ (సెట్లో రికార్డు చేసిన గొంతునే వాడడం) పెరుగుతోంది. అక్కడ ఈ వెసులుబాటు తక్కువ, నటన మాత్రం మరింత నిజంగా దొరుకుతుంది.

పాటలు, ఫైట్లు మీరు రీల్స్ చేస్తున్నారు కాబట్టి త్వరగానే పట్టుకుంటారు. స్లో మోషన్ షాట్ 48 ఫ్రేముల్లో తీసేటప్పుడు పాటని రెట్టింపు వేగంతో వినిపిస్తారు, అప్పుడే లిప్ సింక్ కుదురుతుంది. ఇలాంటివి సెట్లో ఒకసారి చూస్తే చాలు. ఒక్క జాగ్రత్త చెబుతాను. ప్రతి బీటుకీ కట్ వేసే అలవాటు ఫోన్ తెర మీద నడుస్తుంది, థియేటర్ తెర మీద నడవదు. ఫోన్ తెర మొత్తం ఒక్క చూపులో పడుతుంది. పెద్ద తెర మీద కన్ను ఒక మూల నుంచి ఇంకో మూలకి ప్రయాణించాలి. ఒక షాట్‌లో ముఖం ఎడమ చివర ఉండి, తర్వాత షాట్‌లో చూడాల్సింది కుడి చివర ఉంటే, కన్ను అక్కడికి చేరేలోపు మీ కట్ అయిపోతుంది. ఫైట్లలో జనానికి తలనొప్పి వచ్చేది చాలావరకు ఇందుకే. ఎంత వేగంగా కట్ చేసినా ఒక షాట్ చివర చూపు ఎక్కడుందో, తర్వాత షాట్ అక్కడే మొదలైతే దెబ్బ స్పష్టంగా తగులుతుంది.

కామెడీ అన్నిటికంటే కష్టం. థియేటర్‌లో నవ్వు ఎంతసేపుంటుందో ఎడిటింగ్ రూములో తెలియదు. గ్యాప్ ఇవ్వకపోతే తర్వాతి పంచ్ నవ్వుల్లో మునిగిపోతుంది, ఎక్కువ ఇస్తే నవ్వు రాని చోట నటుడు బిక్కమొహం వేసుకున్నట్టు ఉంటుంది. అందుకే ఆ గ్యాప్‌లో మాటలేని రియాక్షన్ ఏదైనా పెట్టుకోవడం మేలు. జనం నవ్వితే అది కవర్ అవుతుంది, నవ్వకపోయినా సీన్ ఆగినట్టు ఉండదు.

సీన్లు కట్ చేయడం వచ్చాక అసలు పరీక్ష మొత్తం సినిమా. సీన్లన్నీ వరుసగా పేర్చిన మొదటి అసెంబ్లీ మూడు గంటలు దాటడం మామూలే. దాన్ని రెండున్నర గంటల చుట్టుపక్కలకి తేవాలి, ఇంటర్వెల్ సరైన చోట పడాలి. ట్రయల్ షో వేస్తే బయటికి వచ్చిన పదిమందిలో ఎనిమిది మంది 'సెకండాఫ్‌లో లాగ్ ఉంది' అంటారు. వాళ్ళకి అనిపించింది నిజం. కానీ లాగ్ అన్న చోటే కత్తెర వేయడం చాలాసార్లు తప్పు. కాలు లాగుతోందని వెళితే డాక్టర్ నడుము చూస్తాడు కదా, ఇక్కడా అంతే. సెకండాఫ్‌లో హీరో బాధ పట్టలేదంటే, ఆ బాధకి కారణమైన సీన్ ఫస్టాఫ్‌లో మనం మరీ పొట్టిగా కోసేశామేమో చూడాలి. ఫస్టాఫ్‌లో అరనిమిషం తిరిగి కలిపితే సెకండాఫ్‌లో ఐదు నిమిషాల లాగ్ మాయమవడం నేను చూశాను. దీనికి కూడా రషెస్ గుర్తుండాలి. ఏం తీసేశామో గుర్తులేని ఎడిటర్‌కి ఇంకా తీసేయడం తప్ప వేరే దారి ఉండదు. ట్రయల్ షోలో నేను తెర చూడను, సీట్లు చూస్తాను. ఎవరు ఎక్కడ కదిలారు, ఫోన్ వెలుగు ఏ రీలులో కనిపించింది అన్నది వాళ్ళు తర్వాత చెప్పే మాటల కంటే నమ్మదగ్గది.

సెన్సార్ గురించి క్లుప్తంగా. 2024లో వచ్చిన కొత్త నిబంధనలతో యు/ఎ సర్టిఫికెట్ 7 ప్లస్, 13 ప్లస్, 16 ప్లస్ అని మూడు రకాలైంది. సర్టిఫికెట్ వచ్చాక కత్తిరించినా, కలిపినా బోర్డుకి తెలియజేయాలి. విడుదలైన వారంలో ట్రిమ్ చేయడం మన దగ్గర తరచూ జరుగుతుంది కాబట్టి ఇది గుర్తుంచుకోవాలి.

డైరెక్టర్‌తో ఎలా ఉండాలన్నది ఎవరూ నేర్పరు. డైరెక్టర్‌కి ప్రతి షాట్ వెనకా ఒక కష్టం గుర్తుంటుంది. ఆ క్రేన్ షాట్ కోసం వర్షంలో ఎంతసేపు ఆగారో, ఆ లొకేషన్‌కి పర్మిషన్ ఎలా వచ్చిందో. ఎడిటర్‌కి ఆ బరువు ఉండకూడదు, తెర మీద ఉన్నదే చూడాలి. అందుకే నేను వీలైనంత వరకు షూటింగ్ స్పాట్‌కి వెళ్ళను. అలాగని డైరెక్టర్‌తో వాదించి గెలవడం వల్ల ఒరిగేది లేదు. "సార్, మీ వెర్షన్ సేవ్ చేసి పెట్టాను, ఇది కూడా ఒకసారి చూడండి" అని రెండూ వరుసగా వేసి చూపించండి. తెర మీద చూశాక చాలామంది తమంతట తామే ఒప్పుకుంటారు. ఒప్పుకోకపోతే అది ఆయన సినిమా, ఆయన మాటే చెల్లుతుంది. ప్రతి వెర్షన్‌కీ తేదీ, నంబరు వేసి దాచండి. "నెల కిందట చూసిన కట్‌లో ఆ సీన్ బాగుంది" అనే రోజు తప్పకుండా వస్తుంది.

ఇక ఇన్‌స్టిట్యూటా, అసిస్టెంటా అన్న ప్రశ్న. రెండు దారుల్లోనూ గొప్పవాళ్ళు వచ్చారు. ఎ. శ్రీకర్ ప్రసాద్ గారు సాహిత్యంలో డిగ్రీ చేసి, ఎడిటర్ అయిన తండ్రి సంజీవి గారి దగ్గర పని నేర్చుకున్నారు. 1989లో హిందీ సినిమా 'రాఖ్'కి జాతీయ అవార్డు అందుకున్న ఆయన, 2022లో 'ఆర్ఆర్ఆర్'కి కూడా ఎడిటర్. మార్తాండ్ కె. వెంకటేష్ గారిది కూడా ఎడిటర్ కుటుంబమే. ఇటు చూస్తే రేణు సలూజా గారు పూణెలోని ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్ ఎఫ్‌టీఐఐలో చదివి 'పరిందా' లాంటి సినిమాలతో హిందీలో ఎడిటింగ్ తీరునే మార్చారు. మన ఎడిటింగ్ రూముల్లో ఆడవాళ్ళు ఇప్పటికీ తక్కువగానే ఉన్నారు, అది మారాలని నేను గట్టిగా కోరుకుంటాను. తెలుగు సినిమా 'జెర్సీ'కి నవీన్ నూలి గారికి జాతీయ అవార్డు వచ్చింది, అది వీలైతే పెట్టుకు చూడండి. భావం ముందు, వేగం తర్వాత అన్నదానికి మంచి ఉదాహరణ.

ఎఫ్‌టీఐఐ, కోల్‌కతాలోని సత్యజిత్ రే ఇన్‌స్టిట్యూట్ ప్రభుత్వ సంస్థలు. ఏ డిగ్రీ ఉన్నా ప్రవేశ పరీక్ష రాయొచ్చు, సీట్లు మాత్రం చాలా తక్కువ. సీటొస్తే కళ్ళు మూసుకుని వెళ్ళండి. అక్కడ మీతోటి విద్యార్థులు తీసిన రషెస్ మీరే కట్ చేస్తారు, తప్పు చేసినా ఎవరి డబ్బూ పోదు, ప్రపంచ సినిమా అంతా చూస్తారు. హైదరాబాద్‌లో అన్నపూర్ణ వాళ్ళ కాలేజీ కూడా ఉంది. ప్రైవేట్ కోర్సు ఏదైనా సరే, డబ్బు కట్టేముందు ఒకటే అడగండి: విద్యార్థులకి నిజమైన రషెస్ ఇచ్చి కట్ చేయిస్తారా, ఎన్ని సీన్లు చేయిస్తారు? సాఫ్ట్‌వేర్ మెనూలు నేర్పడమే కోర్సు అయితే ఆ డబ్బుతో ఒక మంచి హార్డ్ డిస్క్, హెడ్‌ఫోన్స్ కొనుక్కోండి.

డబ్బు విషయం దాచకుండా చెబుతాను. అసిస్టెంట్‌గా మొదటి రోజుల్లో వచ్చేది కృష్ణానగర్‌లోనో యూసుఫ్‌గూడలోనో షేరింగ్ రూమ్‌కి, మెస్‌కి సరిపోతే బాగానే ఉన్నట్టు. ఇంటికి డబ్బు పంపాల్సిన పరిస్థితి ఉంటే ఒక్కసారిగా దూకకండి. పెళ్ళి వీడియోలు, యాడ్లు, యూట్యూబ్ ఛానళ్ళ పని ఒక చేత్తో చేసుకుంటూ రండి, అందులో చిన్నతనం ఏమీ లేదు. అసోసియేట్ అయ్యాక ట్రైలర్లు, ప్రోమోలు, వెబ్ సిరీస్‌లు అదనంగా దొరుకుతాయి. యూనియన్ కార్డు నిబంధనలు, ఫీజు ఎంతో మీరు చేరే ఎడిటర్‌నే అడగండి, మారుతుంటాయి. సొంతంగా ఎడిటర్ అయ్యాక సినిమాకింత అని మాట్లాడుకుంటారు. ఆ మొత్తాన్ని అడ్వాన్స్, రఫ్ కట్ (తొలి కట్), పిక్చర్ లాక్ (కట్ ఖాయం కావడం), ఫస్ట్ కాపీ (పూర్తయిన సినిమా మొదటి ప్రతి) అని దశలుగా విడగొట్టి కాగితం మీద రాయించుకోండి. ఫస్ట్ కాపీ చేతికి ఇచ్చేలోపే లెక్క పూర్తవ్వాలి. విడుదల తర్వాత ఇస్తామన్న డబ్బు, ముఖ్యంగా సినిమా ఆడకపోతే, వస్తుందని నమ్మకం లేదు. నాకూ ఒక సంస్థ నుంచి రావాల్సింది అలా ఉండిపోయింది. షూటింగ్ ఆలస్యమై మీ డేట్లు రెట్టింపైతే అదనంగా ఎంత ఇస్తారన్నది కూడా రాయించుకోండి. ఈ ఒక్క లైన్ లేక చాలామంది కుర్రాళ్ళు రెండు సినిమాల కష్టానికి ఒక సినిమా డబ్బు తీసుకుంటున్నారు.

ఏఐ వచ్చి ఈ పని తీసేస్తుందా అన్న భయం మీరు అడగకపోయినా ఉండే ఉంటుంది. మాటల్ని అక్షరాల్లోకి మార్చడం, సింక్, టేకుల్ని గుర్తుపట్టి సర్దడం లాంటివి ఇప్పటికే యంత్రం చేస్తోంది, ఇంకా చేస్తుంది. అంటే అసిస్టెంట్ చేతిలో ఉన్న చాకిరీ తగ్గుతుంది, దాంతో పాటు అసిస్టెంట్ ఉద్యోగాలూ తగ్గొచ్చు. అది నన్ను నిజంగా కలవరపెడుతోంది, ఎందుకంటే ఆ చాకిరీ సాకుతోనే మేమంతా ఈ గదుల్లోకి వచ్చాం. సింక్ చేయడం మాత్రమే వచ్చినవాడి అవసరం పోతుంది. పైన చెప్పిన సీన్‌లో తల్లి ఆగిన క్షణాన్ని పట్టుకుని, అది డైలాగ్ ముందు పెడితే ఏమవుతుందో చెప్పగలిగినవాడి అవసరం పోదని నా నమ్మకం.

ఇప్పుడు మీరు చేయాల్సింది. మీ ఊళ్ళోనో కాలేజీలోనో షార్ట్ ఫిల్మ్ తీసేవాళ్ళు ఉంటారు. వాళ్ళ సినిమా పూర్తయిపోయినా సరే, రషెస్ అడిగి తీసుకోండి. వాళ్ళ కట్ చూడకుండా ముందు మీ కట్ మీరు చేయండి, తర్వాత రెండూ పక్కపక్కన పెట్టి చూడండి. వాళ్ళు వాడనిది మీరేం వాడారు, మీరు వదిలింది వాళ్ళెందుకు ఉంచారు అని రాసుకోండి. అదే సీన్ సౌండ్ తీసేసి ఒకసారి, బొమ్మ చూడకుండా ఒకసారి నడిపించండి. సౌండ్ లేకుండా అర్థం కాకపోతే షాట్ల వరుసలో లోపముంది, బొమ్మ లేకుండా విసుగొస్తే డైలాగ్ ఎక్కువైంది.

ఎడిటర్లకి పని కోసం మెయిల్ పెట్టేటప్పుడు ఎఫెక్టులు, ట్రాన్సిషన్లు నింపిన షోరీల్ (మీ పని నమూనాల వీడియో) పంపకండి. ఇద్దరు మనుషులు కూర్చుని మాట్లాడుకునే రెండు మూడు నిమిషాల సీన్ ఒకటి పంపండి, మ్యూజిక్ లేకుండా. లింకు కింద రషెస్ నిడివి ఎంత, ఎన్ని టేకులున్నాయి, అందులో మీరు ఏం వదిలేశారు, ఎందుకు వదిలేశారు అని నాలుగు లైన్లు రాయండి. నా దగ్గరికి అలాంటి మెయిల్ వస్తే ఆ మనిషిని పిలిచి మాట్లాడతాను.